పడమటి గోడ కింద చీపుర్లు

“వెన్న ఫ్రిజ్‌లో పెట్టింది ఎవరు?” అన్నాడు అర్విడ్ టోలెఫ్సన్.

ఇంట్లో ఉన్నది ముగ్గురు. ఒకరు ఆయన, ఇంకొకరు కూతురు సిగ్నీ, మూడో మనిషి భార్య మార్లిస్. ముప్పై నాలుగేళ్ళుగా వెన్నను ఫ్రిజ్‌లో పెడుతున్నది ఆ మూడో మనిషే.

“నేనే పెట్టాను. సెప్టెంబరు వచ్చినా ఎండ తగ్గలేదు. బయట ఉంచితే నూనె అయిపోతుంది.”

“లోపల ఉంచితే రాయి అయిపోతుంది. చూడు, నా రొట్టెకి చిల్లు పడింది.”

“రొట్టె నువ్వు చేసిందేగా? కాస్త గట్టిగా చెయ్యి.”

రొట్టెల దుకాణం పెట్టుకున్న మనిషిని ఆ మాట అనగల ధైర్యం నార్‌హోమ్ ఊరు మొత్తానికి ఆమె ఒక్కదానికే ఉంది. ఇక ఈ వాదన కనీసం అరగంట సాగుతుంది. సిగ్నీకి కావలసింది ఆ అరగంటే.

“నేను ముందు వెళ్ళి పొయ్యి వెలిగిస్తాను నాన్నా,” అంటూ కోటు తగిలించుకుంది.

“నాతో పాటే రావచ్చుగా?”

“మీ వెన్న సంగతి తేలేసరికి బేరాలు వచ్చేస్తాయి.”

దుకాణం రెండు వీధుల అవతల. అది ఒకప్పటి రైతుల బ్యాంకు. 1912లో కట్టినది. ఎర్రవి, గోధుమరంగువి, నేరేడుపండు రంగువి ఇటుకలు కలిపి పేర్చిన చదరపు కట్టడం. పైన చుట్టూ ఆకుపచ్చ టెర్రకోట పట్టీ, దాని మీద ఓట్స్ ధాన్యపు వెన్నులు. ముందు గోడకి ఒకే ఒక పెద్ద కమాను, అందులో రంగు రంగుల గాజు. బ్యాంకు మూతపడ్డాక చెప్పుల కొట్టు అయింది, ధాన్యం ఆఫీసు అయింది, చివరికి పావురాల పాలయింది. 1989లో కౌన్సిల్ దాన్ని పడగొట్టి కార్లు నిలిపే స్థలం చేయబోతే, కొత్తగా పెళ్ళయిన అర్విడ్ ఇల్లు కొనుక్కుందామని దాచినదంతా పెట్టి దాన్ని కొన్నాడు. పెళ్ళికూతురు ఆరు నెలలు మాట్లాడలేదని చెప్పుకుంటారు.

సిగ్నీ పొయ్యి దగ్గరకు పోలేదు. తలుపు వెనక నుంచి చీపురు తీసుకుని పడమటి సందులోకి నడిచింది. గోడ కింద ఎర్రటి పెచ్చులు రాలి ఉన్నాయి, అరచేతి వెడల్పువి కొన్ని, గోరంతవి ఎన్నో. ఊడ్చి పిండి సంచిలోకి ఎత్తడం మొదలుపెట్టింది.

“ఈ ఇటుకల సందులు నింపింది ఎవరండీ?”

ఉలిక్కిపడి తిరిగింది. ఎవరో యువకుడు గోడ మొదట్లో గొంతుక్కూర్చుని, మేకుతో సందును గీకుతున్నాడు.

“ఎందుకు?”

“ఎవరో తెలిస్తే దూరంగా ఉందామని. ఇది సమాధిరాయిలా ఉంది. ఇంత మంచి ఇటుక పీక నొక్కేశాడు మహానుభావుడు.”

“ఆ మహానుభావుడు మా నాన్న.”

అతను గబుక్కున లేచాడు. తల వానగొట్టానికి తగిలింది.

“చాలా శ్రద్ధగా నింపారండీ,” అన్నాడు తల రుద్దుకుంటూ.

“ఇప్పుడు మాట మార్చకండి.”

“మార్చడం లేదు. నిజంగా శ్రద్ధగానే నింపారు, అదే వచ్చిన చిక్కు. ఏ బద్ధకస్తుడో నింపి ఉంటే సగం గోడైనా బతికేది.”

చేతిలో ఉన్న చీపురు తిరగేయాలనిపించింది సిగ్నీకి. ఆ కుర్రాడి కళ్ళలో వెక్కిరింత కనబడి ఉంటే ఆ పనే చేసేది. అతను మాత్రం జబ్బుపడిన పిల్లను చూసినట్టు గోడను చూస్తున్నాడు.

అతని పేరు మతియాస్ ఒరోస్కో. సెయింట్ పాల్ నగరం నుంచి వచ్చాడు. పాత కట్టడాలు బాగుచేసే తాపీ మేస్త్రీ. పడమటి గోడ ఉంచాలా, కూల్చాలా తేల్చి రిపోర్టు ఇమ్మని కౌన్సిల్ పిలిపించింది.

“మూడు రోజుల పని. మీ నాన్నగారిని కలవాలి.”

“గోడ గురించి ఆయనకేమీ చెప్పకండి.”

“గోడ ఆయనదే కదా?”

“అందుకే.”

సంచీ మూతి బిగించి లోపలికి వెళ్ళిపోయింది.

*

మతియాస్‌కి అర్థం కావడానికి వారం పట్టింది. నార్‌హోమ్‌లో ఎవరూ ఎవరికీ చేదు మాట చెప్పరు. కూర చప్పగా ఉంటే “కొత్తగా ఉంది” అంటారు. పెచ్చులు ఊడుస్తున్నది సిగ్నీ ఒక్కతే కాదు. మధ్యాహ్నం మంగలి గస్ ఊడుస్తాడు. సాయంత్రం పోస్టాఫీసు మూసేసి లవర్న్ ఊడుస్తుంది. ఒకసారి ఆమె కారు మీదే పెద్ద పెచ్చు పడి పైకప్పు సొట్టపోతే, అర్విడ్‌తో వడగళ్ళు పడ్డాయని చెప్పింది. ఆ రోజు ఆకాశంలో మబ్బు తునక లేదు. గోడ మీది మచ్చలు కనిపించకుండా తోటల సంఘం వాళ్ళు తీగ పాకించారు.

“ఆ తీగ గోడకి ఇంకా చెరుపు,” అన్నాడు మతియాస్.

“అది మాత్రం తోటల సంఘానికి చెప్పకండి,” అంది సిగ్నీ.

మూడు రోజుల పని మూడు వారాలకు సాగింది. కొలతలన్నాడు. ఇసుక నమూనాలన్నాడు. వాన పడితే గాని గోడ సంగతి తెలియదన్నాడు. వాన పడేలోగా రోజూ దుకాణానికి వచ్చేవాడు. అక్కడ పాత బ్యాంకులో డబ్బు పుచ్చుకునే కిటికీలు, వాటి కంచు కమ్మీలు అలాగే ఉన్నాయి. మొదటి కిటికీలో మార్లిస్ రొట్టెలు అమ్ముతుంది, రెండో కిటికీలో సిగ్నీ ఏలకుల బన్నులు అమ్ముతుంది. మొదటి కిటికీ ఖాళీగా ఉన్నా మతియాస్ రెండో వరుసలోనే నిలబడేవాడు.

“రొట్టె తినవా అబ్బాయ్?” అని అడిగింది మార్లిస్ ఒక రోజు.

“బన్నులంటే ఇష్టమండీ.”

“అవునవును,” అంది మార్లిస్. కూతురి వైపు చూసింది. కూతురు చిల్లర వైపు చూసింది.

అర్విడ్‌కి మాత్రం దేవుడు పంపిన శ్రోత దొరికాడు; కట్టడం కొలవడానికి వచ్చాడనే తప్ప ఆయనకి ఎవరూ ఏమీ చెప్పలేదు. పిండి అంటిన చేతులతోనే అతన్ని భవనమంతా తిప్పాడు.

“అంతకుముందు బ్యాంకంటే గుడిలా కట్టేవాళ్ళు. ముందు స్తంభాలు, వాటికి పది మెట్లు. బురద బూట్లతో వచ్చిన రైతు ఆ మెట్లు చూసే సగం భయపడేవాడు. ఇది కట్టినాయన ఏం చేశాడో గమనించావా?”

“మెట్లే లేవు.”

“లేవు! వీధిలోంచి నేరుగా లోపలికే. అదిగో, ఆ మేనేజరు గదికి గోడలు కూడా గాజువే. నీ డబ్బు పట్టుకున్నవాడు ఏం చేస్తున్నాడో నువ్వు చూడొచ్చు. ఏనుగంత ఖజానా తలుపు తెచ్చి అందరికీ కనబడేలా ఎదురుగా పెట్టాడు. దాచుకున్నది ఎక్కడుందో మనిషికి తెలిస్తే నిద్ర పడుతుందయ్యా.”

ఆ ఖజానా గది ఇప్పుడు పిండి పులిసే గది. ఎండాకాలమైనా చలికాలమైనా లోపల ఒకే చల్లదనం. ఆ తలుపును ఎవరూ మూయక తొంభై ఏళ్ళు దాటింది.

“ఇక గోడలంటావా,” అన్నాడు అర్విడ్ ఛాతీ విరుచుకుని, “ముప్పై వేసవులు నేనే నింపాను. సిగ్నీ ఇంతప్పటి నుంచి బక్కెట్టు అందించేది. ఒక్క సందు వదల్లేదు.”

“అవునండీ,” అన్నాడు మతియాస్. “ఒక్కటీ వదల్లేదు.”

ఆ మాట విన్న సిగ్నీ చేతిలోంచి ఒక బన్ను కింద పడింది.

*

సోమవారం సాయంత్రం వాన వచ్చింది. దుకాణం మూసి బయటికి వస్తున్న సిగ్నీని మతియాస్ సందు మొదట్లోంచి పిలిచాడు.

“గొడుగు పట్టుకుని రండి! త్వరగా!”

“ఏమైంది?”

“ఏమీ కాలేదు. చూడండి.”

గొడుగు ఒకటే ఉంది. అది ఇద్దరికీ చాలలేదు. ఎవరి భుజం తడుస్తుందో తేలకముందే ఇద్దరివీ తడిశాయి.

“ఇటుక చూడండి. ఎంత నల్లబడిందో. నీళ్ళు తాగుతోంది. పక్కన సందు?”

సందులు బూడిద రంగులో పొడిగా, పలక మీద సుద్దగీతల్లా మెరుస్తున్నాయి.

“ఇటుక మెత్తనిది. తాగిన నీళ్ళు మళ్ళీ బయటికి పోవాలి. అప్పట్లో సున్నంతో నింపేవారు. సున్నం ఇంకా మెత్తన. నీళ్ళు సందులోంచి పోయేవి, పాడైతే సందే పాడయ్యేది, మళ్ళీ నింపుకునేవారు. ఇప్పుడు సందులో సిమెంటు ఉంది. దారి లేదు. నీళ్ళు ఇటుకలోనే ఉండిపోతాయి. మంచు పడిన రోజు గడ్డకట్టి...”

“పెచ్చు ఊడుతుంది,” అంది సిగ్నీ.

“ఇలా రండి.” వానగొట్టాన్ని పక్కకు జరిపి చూపించాడు. దాని వెనక జానెడు మేర నాన్న తాపీ అందని చోటు ఒకటి మిగిలిపోయింది. అక్కడి సందు లేత పసుపు రంగులో ఉంది. “గోటితో గీకండి.”

గీకింది. పొడి రాలింది. చుట్టూ ఇటుక మాత్రం నిన్న కాల్చినట్టు ఉంది, నూట పదేళ్ళ తరువాత కూడా.

గోడ మీద ఉన్న ఆమె చేతి పక్కనే అతని చెయ్యి ఉంది. ఇద్దరూ తీయలేదు.

“రిపోర్టులో వాతావరణం వల్ల అని రాయండి,” అంది సిగ్నీ చివరికి.

“వాతావరణం సిమెంటు కలపలేదు.”

“ఆయనకి అరవై ఎనిమిదేళ్ళు. జీవితంలో ఆయన గర్వంగా చెప్పుకునేది ఈ గోడ ఒక్కటే. ‘మీ చేతులతోనే దాన్ని చంపారు’ అని ఆయనకి చెప్పమంటారా?”

“చెప్పకపోతే తరువాత వచ్చే మేస్త్రీ కూడా సిమెంటే పెడతాడు. ఇంకో ఐదు చలికాలాలు. తరువాత గోడ ఉండదు, చెప్పుకోవడానికి.”

“మీకేం? రాసేసి వెళ్ళిపోతారు.”

ఆమె గొడుగు తీసుకుని వెళ్ళిపోయింది. అతను వానలో మిగిలాడు.

మరునాటి నుంచి రెండో కిటికీ మూసి ఉంది. బన్నులు కూడా మొదటి కిటికీలో మార్లిసే అమ్మింది. మతియాస్ రోజూ ఒకటి కొన్నాడు. మార్లిస్ సంచిలో అడక్కుండానే ఒకటి ఎక్కువ వేసింది.

*

శుక్రవారం రాత్రి ఆ ఏడాది మొదటి మంచు పడింది.

శనివారం మార్లిస్ పెందలాడే చర్చికి వెళ్ళింది, అక్కడ అమ్మకానికి పిండివంటలు చేయాలని. ఇంట్లో అర్విడ్‌కి వెన్న గురించి పోట్లాడటానికి ఎవరూ లేరు. గట్టి వెన్ననే మాట్లాడకుండా తిని అరగంట ముందే బయలుదేరాడు. పడమటి సందు దగ్గరకు వచ్చేసరికి లోపల అలికిడి వినిపించి తొంగి చూశాడు.

సందులో ఐదుగురు ఉన్నారు. గస్, లవర్న్, పాస్టరు గారు, తోటల సంఘం నుంచి ఒకావిడ, సిగ్నీ. ఐదుగురి చేతుల్లో ఐదు చీపుర్లు. కింద ఎర్రటి పెచ్చులు గుట్టలుగా పడి ఉన్నాయి. గోడ మీద మనిషెత్తున తీగ కూడా ఊడి వేలాడుతోంది.

ఎవరూ కదల్లేదు.

“నా పూలకుండీ పగిలింది అర్విడ్,” అంది లవర్న్.

“వడగళ్ళు పడ్డాయనుకుంటా,” అన్నాడు అదే క్షణంలో గస్.

పాస్టరు గారు అబద్ధం ఆడలేక చీపురు మాత్రం వెనక్కి దాచారు.

అర్విడ్ అందరినీ చూశాడు. సందు చివర ఒట్టి చేతులతో నిలబడిన మతియాస్ దగ్గర ఆగాడు.

“నీ దగ్గర చీపురు లేదు,” అన్నాడు. “నువ్వు చెప్పు.”

మతియాస్ సిగ్నీ వైపు చూశాడు. ఒక అడుగు వెనక్కి వేశాడు.

“నేను చెప్తాను నాన్నా,” అంది సిగ్నీ.

చెప్పింది. సున్నం గురించి, సిమెంటు గురించి, నీళ్ళ దారి గురించి. “ఆ బక్కెట్టు అందించింది నేనే నాన్నా” అని కూడా చెప్పింది. మధ్యలో ఆపలేదు, తగ్గించి చెప్పలేదు. ఊరి మనుషులు బూట్లు చూసుకుంటూ నిలబడ్డారు. ఎవరైనా ఒక చేదు మాటను పూర్తిగా చెప్పగా వాళ్ళు వినడం అదే మొదటిసారి కావచ్చు.

అర్విడ్ ఒక పెచ్చు తీసుకుని ఇటూ అటూ తిప్పాడు.

“ఎన్నేళ్ళుగా ఊడుస్తున్నారు?”

“ఆరేళ్ళు,” అంది సిగ్నీ.

ఆయన తల ఊపాడు. పెచ్చు జేబులో వేసుకుని లోపలికి వెళ్ళి పిండి కలపడం మొదలుపెట్టాడు. ఆ రోజంతా ఎవరితోనూ మాట్లాడలేదు.

*

మధ్యాహ్నం సిగ్నీ ఖజానా గదిలో పిండి ముద్దలు తిరగేస్తుంటే మతియాస్ గుమ్మంలో నిలబడ్డాడు.

“రిపోర్టు సోమవారం ఇవ్వాలి. ముందు మీరు చదవాలి.”

“ఇప్పుడు చదివి ఏం లాభం?”

“చదవండి.”

చేతులు తుడుచుకుని తీసుకుంది. మొదటి పంక్తుల దగ్గరే ఆగిపోయింది. ‘ఈ భవనం ఈ రోజు నిలబడి ఉండటానికి కారణం ఒక్క మనిషి. 1989లో అర్విడ్ టోలెఫ్సన్ దీనిని కొనకపోతే, పరీక్షించడానికి ఇక్కడ గోడే ఉండేది కాదు. ఈ ఊరు ఆయనకు కృతజ్ఞత చెప్పుకోవాలి.’ ఆ కింద, దాపరికం లేకుండా, గోడ దెబ్బతినడానికి కారణం గట్టి సిమెంటు అని ఉంది. ఆ రోజుల్లో ఈ చుట్టుపక్కల అందరూ అలాగే నింపేవారని ఉంది. ‘ప్రేమతో చేసిన పొరపాటు. సరిచేయవచ్చు. గోడ కూల్చనవసరం లేదు’ అని ఉంది.

“రిపోర్టులో ప్రేమ అని రాస్తారా ఎవరైనా?” అంది, ఇంకేమనాలో తెలియక.

“కౌన్సిల్ వాళ్ళు కొట్టేస్తే కొట్టేయనీ.”

“ఎప్పుడు రాశారిది?”

“మంగళవారం.”

“వాన మరునాడా? మరి చెప్పలేదేం?”

“కిటికీ మూసేశారుగా.”

సిగ్నీ కాగితాల అంచులు సరిచేసింది. అవి సరిగానే ఉన్నాయి.

“పొద్దున మా నాన్న మిమ్మల్నే అడిగారు. మీరే చెప్పి ఉండొచ్చు.”

“అది మీరు చెప్పాల్సిన మాట. నేను చెప్తే ఆయన గోడ గురించి మాత్రమే వినేవారు.” అన్నాడు. “ఇంకో నిజం కూడా ఉంది. పంతొమ్మిది బన్నులు కొన్నాను. నాకు ఏలకులు పడవు.”

“తెలుసు. సగం బన్ను గస్ కుక్క తింటోంది. కిటికీలోంచి అంతా కనబడుతుంది.”

“తెలిసీ రోజూ అమ్మారా?”

“కొనేవాడిని కాదంటామా?”

అతను నవ్వాడు. తరువాత ఆ నవ్వు ఎక్కడ పెట్టాలో తెలియనట్టు తలుపు మందం పరీక్షించాడు.

“నాకు ఇక్కడి నుంచి వెళ్ళాలని లేదు.”

“ఊరు నచ్చిందా?”

“నచ్చింది.”

“గోడ?”

“గోడ కూడా. మీరు తెలిసీ అడుగుతున్నారు.”

“మా ఊళ్ళో ఎవరూ సూటిగా చెప్పరు,” అంది సిగ్నీ. “మీరైనా చెప్తారేమోనని అడుగుతున్నాను.”

“నువ్వంటే నాకిష్టం సిగ్నీ. చీపురు పట్టుకుని నా మీదికి రాబోయావు చూడు, అప్పటి నుంచే.”

ఆమె చెవులు ఎర్రబడ్డాయి. పిండి ముద్దను అవసరమైన దానికంటే చాలా గట్టిగా గుద్దింది.

“రేపు మధ్యాహ్నం మా ఇంటికి భోజనానికి రా,” అంది దాని వైపే చూస్తూ. “అమ్మ పిలవమంది. పిలవకపోయినా నేను పిలిచేదాన్ని.”

*

ఆదివారం కోడి వేయించి, బంగాళాదుంపలు మెత్తగా మెదిపి, పప్పుచిక్కుళ్ళు ఉడికించింది మార్లిస్. ఇంకొంచెం వేసుకోమంటే ఇక్కడ అతిథి మూడుసార్లు వద్దనాలి, నాలుగోసారి ఒప్పుకోవాలి. మతియాస్ మొదటిసారికే కంచం చాపాడు. మార్లిస్ ఒక క్షణం గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఆ తరువాత ముఖమంతా వెలుగుతో వడ్డించింది.

అర్విడ్ మాత్రం ఇంకా మౌనంగానే తింటున్నాడు. సిగ్నీ మెతుకు ముట్టలేదు. చివరికి ఆయన ఫోర్కు పక్కన పెట్టి, జేబులోంచి నిన్నటి పెచ్చు తీసి బల్ల మీద ఉంచాడు.

“నిన్నంతా కోపం తెచ్చుకుందామని చూశాను,” అన్నాడు. “రాలేదు. ఆరేళ్ళు. నేను లేవకముందే లేచి, నేను బాధపడకూడదని ఊడ్చారు. గస్‌కి నడుం నొప్పి. వంగలేడు వాడు. అయినా ఊడ్చాడు. ఇంత ప్రేమ దక్కిన మనిషి ఈ ఊళ్ళో ఇంకెవడున్నాడు? మీరు వంటలో ఉండగా పొద్దున చర్చిలో ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్ళి చెయ్యి పట్టుకుని థాంక్స్ చెప్పాను. లవర్న్ ఏడ్చింది. కారు సొట్ట సంగతి అప్పుడు బయటపెట్టింది.”

మార్లిస్ ముక్కు చీదుకుంది.

“కాని చెప్పినది నా కూతురు. చెప్పేలా చేసింది ఇతను. ఆ ఊడ్చినవాళ్ళకి నేను ఎంత రుణపడ్డానో, వీళ్ళిద్దరికీ అంతకంటే ఎక్కువ.” పాత మేస్త్రీలా చేతులు చూసుకున్నాడు. “ఏం మతియాస్, నేను పెట్టిన సిమెంటు తీస్తే ఇటుక బతుకుతుందా?”

“చాలా వరకు బతుకుతుందండీ. మెల్లగా తీయాలి, ఉలితో, మిషను పెట్టకుండా. మంచు కాలంలో సున్నం గట్టిపడదు. ఈ అక్టోబరులో కొంత, మిగతాది మే నెల నుంచి. రెండేళ్ళు పట్టొచ్చు. మా కంపెనీ వాళ్ళను అడిగాను, ఈ పని నాకే ఇస్తామన్నారు.”

“ఎప్పుడు అడిగావు?” అంది సిగ్నీ.

“మంగళవారం.”

ఆమె బల్ల కింద అతని చెయ్యి వెతుక్కుంది. బల్ల అంత పెద్దది కాదు, అందరికీ తెలిసింది.

“అయితే వినండి,” అన్నాడు అర్విడ్, కుర్చీలో నిటారుగా కూర్చుని. “రేపు పొద్దున్నే పని మొదలు. నేను ఎక్కించినదంతా నా చేతులతోనే దింపుతాను. ఇతను మేస్త్రీ, నేను కూలీ, సిగ్నీ బక్కెట్టు. ఇక ఆ సందులో ఎవరూ చాటుగా ఊడవకూడదు. ఊడ్చేవాళ్ళని పగలే రమ్మనండి, కాఫీ ఇస్తాను. పని అయ్యేదాకా మతియాస్‌కి భోజనం ఈ ఇంట్లోనే. ఆ తరువాత సంగతి మీ ఇద్దరూ చూసుకోండి.”

“చూసుకోవడానికేముంది?” అంది మార్లిస్, మతియాస్ కంచంలో మరో గరిటెడు బంగాళాదుంపలు వేస్తూ. “ఆ తరువాత కూడా భోజనం ఈ ఇంట్లోనే.”